బెల్‌విల్‌కి కొలతలు ఇచ్చినవాడు

ఒక ఇల్లుంటుంది. పారిస్ పొలిమేరల్లో, చుట్టూ ఖాళీ జాగాతో, సన్నగా నిటారుగా ఉంటుంది. ఒక ముసలమ్మ, ఆమె మనవడు, ఒక కుక్కపిల్ల అందులో ఉంటారు. ఏళ్ళు గడుస్తాయి. ఊరు పెరుగుతూ పెరుగుతూ వచ్చి ఆ ఇంటిని మింగేస్తుంది. పైనుంచి వెళ్ళే రైలు వంతెన ఒకటి సరిగ్గా ఆ ఇంటిని ఒరుసుకుంటూ లేస్తుంది. దాని ఒత్తిడికి ఇల్లు పక్కకి ఒరిగిపోతుంది. ఇక అప్పట్నుంచీ మేడమీద కిటికీ పక్కనుంచే రైళ్ళు. చిన్నప్పుడు బొమ్మ రైలు తోక తొక్కిన పగతో బ్రూనో అనే ఆ కుక్క, ఇప్పుడు లావెక్కి, టైముకి మెట్లెక్కి వచ్చి ప్రతి రైలునీ మొరుగుతుంది.

'ద ట్రిప్లెట్స్ ఆఫ్ బెల్‌విల్' (2003) చూసినవాళ్ళకి ఈ ఇల్లు గుర్తుండే ఉంటుంది. ఇంత జరిగినా ఒక్క మాట వినపడదు. కాలం గడిచిందని, యుద్ధం తర్వాత ఫ్రాన్స్ మారిపోయిందని, ముసలమ్మ ఎవరితోనూ గొడవపడకుండా సర్దుకుపోయిందని, మనవడు ఇరుకులో పెరిగాడని మనకి చెప్పేది ఆ ఒరిగిన గోడ. దర్శకుడి పేరు మనకి తెలుసు, సిల్వాన్ షోమే. ఆస్కార్ నామినేషన్ వచ్చిన పాట తెలుసు. ఆ గోడని ఒరగబెట్టే పని ఎవరిదో మాత్రం మనం అడగం. ఆ సినిమాకి ప్రొడక్షన్ డిజైనర్ ఎవ్‌గెని తోమోవ్.

బల్గేరియాలో పుట్టి మాంట్రియల్‌లో స్థిరపడ్డ మనిషి. ఈ ఒక్క వాక్యంలోనే ఒక తమాషా ఉంది. ట్రిప్లెట్స్ గురించి ఎక్కడ రాసినా 'ఎంత ఫ్రెంచ్ సినిమా!' అని రాస్తారు. టూర్ ద ఫ్రాన్స్, సైకిళ్ళు, కప్పల కూర, అకార్డియన్, ద గాల్ కాలపు పారిస్. నిజానికి అది ఫ్రాన్స్, బెల్జియం, కెనడా, బ్రిటన్ కలిసి తీసిన సినిమా. అందరికీ అంత బెంగ పుట్టించిన ఆ ఫ్రాన్స్ రూపురేఖల వెనకున్నది వలసపోయిన ఒక బల్గేరియన్ చెయ్యి. 'ఫ్రెంచ్ యానిమేషన్' అనే మాట ఎప్పుడూ ఇంతే. 1973 నాటి 'ఫెంటాస్టిక్ ప్లానెట్' కూడా ఫ్రెంచ్ సినిమాయే. రెనే లాలూ దర్శకుడు, బొమ్మలు రోలాన్ తోపోర్‌వి, తయారైంది మాత్రం ప్రాగ్‌లో. అంత దూరం ఎందుకు, లిటిల్ ప్రిన్స్ కథతో 2010లో మొదలైన ఫ్రెంచ్ టీవీ సిరీస్‌కి సహనిర్మాత మన హైదరాబాద్‌లోని డీక్యూ ఎంటర్‌టైన్‌మెంట్. దేశం పేరు పోస్టర్ మీద ఉంటుంది. పని చేసే చేతులు ఎక్కడెక్కడో ఉంటాయి.

ప్రొడక్షన్ డిజైనర్ చేసే పనేంటో కొంచెం చెప్పుకోవాలి. మామూలు సినిమాలో కళాదర్శకుడంటే మనకి తెలుసు. 'మాయాబజార్'కి మా గోఖలే, కళాధర్ ఉన్నారు. 'బాహుబలి'కి సాబు సిరిల్ ఉన్నాడు. వాళ్ళు సెట్ వేస్తారు, కెమెరా దాన్ని చూస్తుంది. సెట్ వేయని చోట కూడా ఆకాశం ఉంటుంది, చెట్టుంటుంది, దారినపోయే మనిషుంటాడు. యానిమేషన్‌లో ఆ సౌకర్యం లేదు. ఎవరో ఒకరు నిర్ణయించి గీయకపోతే ఆకాశం కూడా ఉండదు. తలుపు ఎంత ఎత్తు, ఆ తలుపు ముందు మనిషి ఎంత, వీధి చివర ఏం కనిపించాలి, పగలు ఏ రంగు, దీపం వెలుగు ఎంత దూరం పోవాలి... ఇవన్నీ ముందే తేల్చి, వందలమంది ఆర్టిస్టులు ఒకే ప్రపంచాన్ని గీసేలా చూడటం ఆ డిజైనర్ పని. మా సాఫ్ట్‌వేర్ భాషలో అయితే ఆర్కిటెక్ట్. ఒక్క లైను కోడ్ రాయకపోయినా, రాసే ప్రతి లైనూ అతను గీసిన గీతల మధ్యే ఉంటుంది.

మా దగ్గర ఇంకో వెసులుబాటు కూడా ఉంది. ఏ లైను ఎవరు రాశారో తెలియాలంటే గిట్ బ్లేమ్ అని కొడితే చాలు, పేరూ తేదీతో సహా వచ్చేస్తుంది. సినిమాకి అలాంటిది లేదు. ఫ్రేములో ఏది దర్శకుడిది, ఏది డిజైనర్‌ది, ఏది ఆ రోజు బల్ల దగ్గర కూర్చున్న ఎవరో కుర్రాడిది అని విడదీయలేం. అందుకే సులువుగా మొత్తం దర్శకుడి ఖాతాలో వేసేస్తాం. దానికి బదులు ఒక చిన్న ప్రయోగం చేయొచ్చు. దర్శకుడిని అలాగే ఉంచి డిజైనర్‌ని మార్చి చూడటం. తర్వాత డిజైనర్‌ని ఉంచి దర్శకుడిని మార్చి చూడటం. ఈ రెండూ చేయడానికి తోమోవ్ కెరీర్ బాగా వీలుగా ఉంటుంది.

మొదటిది. ట్రిప్లెట్స్‌కి ముందు షోమే తీసిన చిన్న సినిమా 'ది ఓల్డ్ లేడీ అండ్ ది పిజన్స్'. పావురాలకి తిండి పెట్టే ముసలమ్మ ఇంటికి ఆకలితో మాడే ఒక పోలీసు పావురం వేషంలో వెళ్ళే కథ. దాని నేపథ్య చిత్రాలు నికొలా ద క్రేసీవి. కామిక్స్ లోకంలో పెద్ద పేరు. ద క్రేసీ పుస్తకాలు తిరగేసినవాళ్ళకి బెల్‌విల్ ఎప్పుడో చూసిన ఊరులాగే అనిపిస్తుంది. ఈ పోలిక మీద ఫ్రాన్స్‌లో వివాదం కూడా నడిచింది. కాబట్టి ఆ గోధుమరంగు మసక, ఆ వెటకారం, ఆ వికారమైన మొహాలు తోమోవ్ కనిపెట్టినవి అనడానికి లేదు. అవి అతను రాకముందే షోమే చుట్టూ ఉన్నాయి.

ట్రిప్లెట్స్ తర్వాత షోమే తీసిన యానిమేషన్ ఫీచర్ 'ది ఇల్యూషనిస్ట్' (2010). జాక్ తాతి వదిలివెళ్ళిన స్క్రిప్టు. ఇందులో తోమోవ్ లేడు. కథ ఎక్కువగా ఎడిన్‌బరోలో నడుస్తుంది. ఆ ఊరు ఎంత అందంగా ఉంటుందంటే, మబ్బు తొలగి వీధి మీద ఎండ పడే షాట్ల కోసమే నేను దాన్ని మళ్ళీ చూశాను. కానీ అక్కడ ఊరు ఊరంత ఉంటుంది, మనిషి మనిషంత ఉంటాడు. ముసలి గారడీవాడి విషాదం అతని నడకలో ఉంటుంది, ఖాళీ అయిపోయే హాల్లో ఉంటుంది. భవనాలకి అతని మీద ఏ కక్షా లేదు.

మరి మధ్యలో సినిమాకి మాత్రమే ప్రత్యేకంగా ఉన్నదేంటి? నాకు తోచిన సమాధానం, కొలత. స్కేల్. ప్రపంచం ఎంత, అందులో మనిషి ఎంత అనే లెక్క.

ట్రిప్లెట్స్ మళ్ళీ చూడండి, ఈసారి టేపు పట్టుకుని. మనవడు చాంపియన్ సైకిల్ చక్రం వంకర తీయడానికి మదాం సూజా దాన్ని బిగించే స్టాండ్ ఏంటో గమనించారా? ఈఫిల్ టవర్ బొమ్మ. దేశమంతా తలెత్తి చూసే కట్టడం ఆమె బల్లమీద ఒక పనిముట్టు. ఆ ఇంట్లో సూజా కొలతే చెల్లుతుంది. కూరగాయల దగ్గర్నుంచి కొమ్మల దాకా దేనికో వాడాల్సినవి ఇంకోదానికి పనికొస్తాయి, గుడ్లు గిలక్కొట్టే బీటర్, వాక్యూమ్ క్లీనర్ కూడా మనవడి ఒంటికే. తర్వాత మాఫియావాళ్ళు మనవడిని ఎత్తుకుపోతారు. వాళ్ళకి భుజాలు గుండ్రంగా ఉండవు, నల్లటి పెట్టెలకి కాళ్ళొచ్చినట్టుంటారు, ఇద్దరు పక్కపక్కన నిలబడితే ఒకటే గోడ. వాళ్ళెక్కిన ఓడ నీళ్ళమీద కత్తిలా, అసాధ్యమైన ఎత్తున నిలబడి ఉంటుంది. దాని వెనకాల సూజా, బ్రూనో అద్దెకి తీసుకున్న పెడల్ బోటు మీద. సముద్రంలో ఒక చుక్క. వెనక మొజార్ట్ సి మైనర్ మాస్. చక్రాన్ని ఈఫిల్ టవర్ మీద తిప్పిన మనిషి ఇక్కడ చుక్కయిపోయింది. నాకు తెలిసి సినిమా మొత్తం ఈ రెండు కొలతల మధ్య ప్రయాణం.

బెల్‌విల్ చేరాక కొలత ఇంకా పిచ్చెక్కుతుంది. న్యూయార్క్, మాంట్రియల్ కలిపి పొడుగ్గా సాగదీస్తే వచ్చే ఊరది. రేవులో స్వేచ్ఛా విగ్రహం బాగా లావెక్కి, చేతిలో ఐస్‌క్రీంతో నిలబడి ఉంటుంది. వీధుల్లో అందరూ అంతే. ఆ ఊళ్ళో పొట్టి కాలికి మందపాటి బూటు వేసుకున్న సూజా పూర్తిగా పరాయిది. పైగా చేతిలో డబ్బులు లేవు. ఆమెకి చోటిచ్చేది కూడా ఊరికి ఇక అక్కర్లేని ముగ్గురు ముసలి గాయనులే. ఫ్రిజ్, న్యూస్‌పేపర్, వాక్యూమ్ క్లీనర్‌తో వాళ్ళు పాట కడతారు. సూజా సైకిల్ చక్రంతో వాళ్ళలో కలిసిపోతుంది. చిన్న వస్తువులకి పెద్ద పని చెప్పడం మళ్ళీ మొదలవుతుంది. చివర్లో బందీలైన సైక్లిస్టులు జూదరుల కోసం తెర ముందు తొక్కే యంత్రాన్ని నేలనుంచి ఊడదీసి, దాన్నే బండిగా చేసుకుని పారిపోతారు. గది కాస్తా వాహనం అయిపోతుంది. సెట్ అని మనం అనుకున్నది లేచి రోడ్డెక్కుతుంది. డిజైనర్ కథ చెప్పడం అంటే నాకు ఇదే.

ఇప్పుడు రెండో ప్రయోగం. దర్శకుడు మారాడు, దేశం మారింది, గీత కూడా పోయింది. 'ది టేల్ ఆఫ్ డెస్పరో' (2008) కంప్యూటర్ యానిమేషన్. కేట్ డికామిల్లో పిల్లల పుస్తకం ఆధారం. మొదట్లో దీనికీ షోమేనే దర్శకుడు అనుకున్నారు, తర్వాత ఆయన తప్పుకోవాల్సి వచ్చింది. చివరికి సామ్ ఫెల్, రాబర్ట్ స్టీవెన్‌హేగెన్ దర్శకత్వంలో లండన్ ఫ్రేమ్‌స్టోర్‌లో తయారైంది. ప్రొడక్షన్ డిజైనర్‌గా తోమోవ్ పేరుంది.

పైకి చూస్తే రెంటికీ ఏ చుట్టరికమూ కనపడదు. అక్కడ సిరా గీత, ఇక్కడ పాత ఫ్లెమిష్ తైలచిత్రంలా వెలుగునీడలు. కానీ ప్రపంచం ఎలా పేర్చారో చూడండి. పైన రాజకోట, మనుషులది. గోడల్లో ఎలుకపిల్లల లోకం, భయపడటం కూడా బడిలో నేర్పే మర్యాదస్థుల ఊరు. అన్నిటికన్నా అడుగున పందికొక్కుల చీకటి. ఒక రాణి చావు, ఒక రాజు దుఃఖం పైన జరిగితే, దాని ఫలితం అంతస్తు అంతస్తుగా కిందికి దిగుతుంది. సూప్ మీద నిషేధం వస్తుంది, వాన ఆగిపోతుంది, వెలుతురు బూడిదరంగుకి తిరుగుతుంది. వెలుగు కోసం తపించే పందికొక్కు పేరు రోస్కురో. చిత్రకళలో వెలుగునీడల పద్ధతికి ఉన్న పేరే పుస్తకంలో దాని పూర్తి పేరు. వెలుగు ఎంత లోతుకి దిగొచ్చు అన్నదే ఈ కథలో న్యాయం ప్రశ్న కూడా.

ఇక్కడ ఒక మాట నిక్కచ్చిగా చెప్పాలి. డెస్పరో గొప్ప సినిమా కాదు. మూడు లోకాలూ ఎంత నిండుగా ఉన్నాయంటే కథ వాటిని మోయలేకపోయింది. ప్రతి పదినిమిషాలకీ వ్యాఖ్యాత గొంతు వచ్చి, గోడలు అప్పటికే చెప్పేసిన విషయాన్ని మళ్ళీ మాటల్లో చెప్తుంది. ట్రిప్లెట్స్‌లో ఒరిగిన ఇంటి మీద ఎవరైనా వ్యాఖ్యానం చదివి ఉంటే ఎలా ఉండేదో ఊహించుకోండి. ఇల్లు వట్టి బొమ్మయిపోయేది. డిజైనర్ ఎంత బాగా చేసినా, నమ్మి నోరు మూసుకునే దర్శకుడు దొరకాలి. షోమే గొప్పతనం నాకు ఈ సినిమా చూశాకే ఇంకా బాగా అర్థమైంది. అతను గోడలని నమ్మాడు.

'ఆర్థర్ క్రిస్మస్' (2011) మూడోది. బ్రిస్టల్‌కి చెందిన ఆర్డ్‌మన్, సోనీ కలిసి తీశాయి. దర్శకురాలు సారా స్మిత్. ఈసారి వాతావరణం పూర్తిగా తేలిక, హాస్యం, పండగ. కానీ కొలత మళ్ళీ అదే ఆట ఆడుతుంది. శాంటా బండి ఇప్పుడు రెయిన్‌డీర్ బండి కాదు. ఎస్-1 అనే ఆకాశనౌక, ఊరి మీద ఆగితే ఊరంతటికీ కప్పు వేసినట్టుంటుంది. ఉత్తర ధ్రువంలో మంచు కింద వరసలు వరసలుగా ఎల్ఫులు కూర్చున్న కంట్రోల్ రూమ్. శాంటా పెద్దకొడుకు స్టీవ్ ఇదంతా నడుపుతాడు, గడ్డం కూడా క్రిస్మస్ చెట్టు ఆకారంలో గీయించుకున్న మేనేజర్. రెండు వందల కోట్ల బహుమతుల్లో ఒక్కటి మిగిలిపోతుంది. ఇంగ్లండ్‌లో ఒక చిన్న ఊళ్ళో గ్వెన్ అనే పాప సైకిల్. స్టీవ్‌కి అది లెక్కలోకి రాని తప్పు. అతని తమ్ముడు ఆర్థర్‌కి అదే లోకం.

ప్రొడక్షన్ సపోర్ట్‌లో పనిచేసినవాళ్ళకి స్టీవ్ బాగా తెలుసు. డాష్‌బోర్డు మీద తొంభై తొమ్మిది దాటి ఎన్ని తొమ్మిదులున్నాయో చూపించి మీటింగ్ ముగించే మనిషి. మిగిలిన ఆ చివరి దశాంశంలో ఎవరో ఒక మనిషి లాగిన్ అవ్వలేక కూర్చున్నాడని చెప్పడానికి నాకు ఎప్పుడూ ఒక బొమ్మ దొరకలేదు. ఈ సినిమాలో దొరికింది. ఫ్రేమంతా నిండిన ఎస్-1, తర్వాత అంత పెద్ద హాల్లో కాగితం చుట్టిన ఒక్క సైకిల్. దాన్ని చేర్చడానికి ఆర్థర్ తాతయ్య దాచుకున్న పాత చెక్క బండి బయటికి తీయాల్సివస్తుంది. మళ్ళీ పెద్ద ఓడ, మళ్ళీ దాని పక్కన చుక్కంత బండి, మళ్ళీ సైకిల్. ఈ సైకిల్ యాదృచ్ఛికమే, కథ రాసినవాళ్ళు వేరు. ఓడకీ చుక్కకీ మధ్య దూరం అంత జాగ్రత్తగా కొలవడం మాత్రం యాదృచ్ఛికం అనిపించదు.

ఈ కథల్లో చిన్నవాడు, పెద్ద లోకం ముందే ఉన్నాయి కదా, అది డిజైనర్ గొప్పేంటి అని ఎవరైనా అడగొచ్చు. సరైన ప్రశ్నే. చిన్నవాడు పెద్దలోకాన్ని ఎదిరించే కథలు యానిమేషన్‌లో కోకొల్లలు. వాటిలో చాలావాటికి లోకం వెనక తెరలాగే ఉంటుంది. పాత్ర ఎక్కడ నిలబడ్డా జరిగేది అదే. ఈ మూడింటిలో అలా కుదరదు. ఇల్లు ఒరగకపోతే బ్రూనో కోపానికి రోజువారీ పని ఉండదు. చీకటి అడుగునే లేకపోతే రోస్కురో ఆశకి అర్థముండదు. ఎస్-1 అంత పెద్దది కాకపోతే ఒక సైకిల్ అంత చిన్నది కాదు. స్క్రిప్టులో 'పెద్దది' అని ఒక మాట ఉంటుంది. ఎంత పెద్దది అనేది ఎవరో గీసి చూపించాలి. ఆ 'ఎంత'లో ఉండేదే డిజైనర్ సంతకం అని నా వాదన.

ఇది ఇప్పుడు ఎందుకు ముఖ్యమంటే, స్టైల్ అనే మాట బాగా చవకైపోయింది. ఏ యాప్‌లోనో 'బెల్‌విల్ స్టైల్‌లో చార్మినార్' అని టైప్ చేస్తే క్షణాల్లో బొమ్మ వస్తుంది. గోధుమరంగు వస్తుంది, సిరా గీత వస్తుంది, పొడుగాటి ముక్కు వస్తుంది, మినార్లు కూడా చక్కగా ఒరుగుతాయి. అవి ఎందుకు ఒరిగాయి అని అడిగితే మాత్రం జవాబుండదు. పక్కన ఏ వంతెనా లేదు, ఏ ముసలమ్మా సర్దుకుపోలేదు. స్టైల్ అంటే రంగూ గీతా అనుకుంటే తోమోవ్‌కి స్టైలే లేదు. సిరా నుంచి తైలవర్ణానికి, అక్కడ్నుంచి మెరిసే లోహానికి మారిపోయాడు. అలాంటి మనిషిని ఆటర్ థియరీ పట్టుకోలేదు, ప్రాంప్ట్ కూడా పట్టుకోలేదు. అదే అతన్ని గమనించడానికి మంచి కారణం.

యానిమేషన్ అవార్డుల్లో ఆనీలు ప్రొడక్షన్ డిజైన్‌కి విడిగా విభాగం పెట్టాయి. సమీక్షలు రాసే మనం ఆ మాత్రం కూడా చేయం. 'విజువల్స్ అద్భుతం' అని ఒక ముక్క రాసి సంగీతానికి వెళ్ళిపోతాం. ఏ విజువల్, ఎవరిది, అది కథలో ఏం పని చేసింది అని రెండు వాక్యాలు రాయడానికి పెద్ద శ్రమ అక్కర్లేదు. టైటిల్స్ పూర్తయ్యేదాకా కూర్చోవాలి, అంతే.

వీలుంటే ఈ మూడు సినిమాలూ వరసగా చూడండి. ట్రిప్లెట్స్ చివర్లో మదాం సూజా ఉండదు. ముసలివాడైన చాంపియన్ అదే ఇంట్లో ఒంటరిగా టీవీ ముందు కూర్చుని, చిన్నప్పుడు అవ్వ అడిగిన ప్రశ్నకి అన్నేళ్ళ తర్వాత జవాబు చెప్తాడు. ఆ షాట్‌లో అతన్ని చూడటం అయ్యాక, ఒకసారి చుట్టూ ఉన్న గదిని కూడా చూడండి. అవ్వ ఉన్నప్పుడు ఇరుగ్గా ఉన్న ఆ గది ఇప్పుడు అతనికి ఎంత పెద్దదైపోయిందో.